నక్కలగెడ్డకి చరిత్ర పట్టింది

నక్కలగెడ్డ మీద వంతెన లేదు గనక వరహాలు చచ్చిపోయింది. ఇందులో వాదానికి తావు లేదు. కొందరు పాము కరిచి చనిపోయిందని అంటారు. పాముదేముంది, కరవడం దాని పని, చేసింది. వంతెన కట్టాల్సినవాళ్లు తమ పని చెయ్యలేదు. వరహాలు మొగుడు జగ్గునాయుడు ఈ సంగతి ఎవరికీ నచ్చజెప్పబోయేవాడు కాదు. పొద్దు తూర్పున పొడుస్తుందని ఎవరైనా నచ్చజెబుతారా?

గెడ్డ అంటే పెద్ద ఏరేమీ కాదు. కొండ మీద రెండు బండల సందున పుడుతుంది. దిగి వచ్చి జీడివలస ఊరిని మూడు పక్కలా చుట్టి, నాలుగో పక్కని కొండకి వదిలేసి, కిందెక్కడో ఏట్లో కలుస్తుంది. ఎండాకాలంలో మేకపిల్ల గిట్ట తడవకుండా దాటుతుంది. శ్రావణం వచ్చిందంటే దున్నపోతుని దొర్లించుకుపోతుంది. అవతలి ఒడ్డున బడి, ఆస్పత్రి, సంత, బస్సు, కచేరీ. ఇవతలి ఒడ్డున చెరుకు, జీడితోటలు, మనుషులు. దాని భూగోళం ఇంతే. దాని చరిత్ర ఏమిటని అప్పటిదాకా ఎవరూ అడగలేదు.

వానాకాలంలో గెడ్డ దాటడానికి జీడివలస వాళ్లకి ఒక పద్ధతి ఉంది. చెరుకురసం కాచి బెల్లం వండే ఇనప పెనం ఊళ్లో ఉంది. నలుగురు మోస్తే గాని కదలదు. వానల్లో బెల్లం వంట ఉండదు గనక దానికి వేరే పని లేదు. దాన్ని నీళ్ల మీద తేల్చి, ఒడ్డు నుంచి ఒడ్డుకి మోకు కట్టి లాగుతారు. పెనంలో కూర్చున్నవాళ్లు కదలకూడదు. తుమ్ము వస్తే ముక్కు పట్టుకోవాలి. మొగుడూ పెళ్లాం ఒకేసారి ఎక్కకూడదు. నడి గెడ్డలో మాటా మాటా పెరిగితే పెనం తిరగబడుతుందని పెద్దలు పెట్టిన కట్టుబాటు.

ఆ కట్టుబాటు వల్ల వరహాలు పెనంలో ఒక్కతే వెళ్లింది. చెరుకుతోటలో రక్తపింజరి కరిచి అప్పటికే కాలు కుండలా వాచింది. జగ్గునాయుడు ఒడ్డున నిలబడి మోకు పట్టుకున్నాడు. నడి గెడ్డలో వరద పెనాన్ని గిర్రున తిప్పి, మోకు తెంపి, వంపు దగ్గర మళ్లీ ఇవతలి ఒడ్డుకే తెచ్చి పడేసింది. మరో మోకు తెమ్మని మనిషిని పంపారు. అది వచ్చేలోగా ఆమె ఇసకలో పడుకుని, "పెనానికి బెల్లం జిడ్డు వదల్నేదు. సీరంతా పాడైపోనాది," అంది. అదే ఆఖరి మాట.

ఆ తర్వాత జగ్గునాయుడు చెయ్యని పని లేదు. మండలాఫీసు అరుగులు అరగదీశాడు. వచ్చిన ప్రతి నాయకుడి కారుకీ అడ్డం పడ్డాడు. ఎన్నికలప్పుడు ఓటు వెయ్యనని మొరాయించాడు. ఎవరూ పట్టించుకోలేదని తర్వాతి ఎన్నికల్లో అందరికీ వేస్తానని బెదిరించాడు. చివరికి ఏ గ్రహం ఎటు తిరిగిందో గాని వంతెన మంజూరైంది. హైమవతి అనే కుర్ర ఇంజనీరు వచ్చింది. మాట తక్కువ, పని ఎక్కువ. రెండు ఒడ్ల మీదా స్తంభాలకి గోతులు తవ్వించింది. లారీలో ఇనప ఊచలు దిగాయి. రోజూ పొద్దున్నే జగ్గునాయుడు పోయి ఆ ఊచల మీద కూర్చునేవాడు. ఎవరైనా పలకరిస్తే, "కాపలా," అనేవాడు. దొంగల భయమో, ప్రభుత్వ భయమో చెప్పేవాడు కాదు.

సరిగ్గా ఆ ఏడే ప్రభుత్వానికి చరిత్ర మీద ప్రేమ పుట్టింది.

పైనున్న పెద్దాయనెవరో ఏదో దేశం వెళ్లి, అక్కడ పిల్లకాలవకి కూడా చరిత్ర రాసిన బోర్డు చూసి సిగ్గుతో తలవంచుకున్నాడట. విమానం దిగీదిగగానే 'ఊరి నీరు – ఊరి కీర్తి' అనే పథకం పుట్టింది. దాన్ని నడపడానికి జల వారసత్వ మండలి పుట్టింది. చెరువు గాని, వాగు గాని, కుంట గాని, జిల్లాలో చరిత్ర లేని నీటిచుక్క ఉండరాదని ఆజ్ఞ. అధికారులకి నిద్ర లేదు. పక్క మండలంలో చరిత్ర దొరకని ఒక బోరింగు పంపుని ఒక మహాముని కమండలంతో కొట్టాడని తేల్చారు. ఇంకో ఊళ్లో నీళ్ల ట్యాంకుకున్న శంకుస్థాపన ఫలకం చూసి అదొక శాసనమని సంబరపడ్డారు. చరిత్ర తేల్చలేని ఉద్యోగులకి తాఖీదులు వెళ్లాయి.

అక్కడితో ఆగితే ఎవరికీ నష్టం లేకపోను. చరిత్ర ఉందో లేదో తేలని నీటి దగ్గర పార కూడా పెట్టకూడదని ఇంకో ఆజ్ఞ వచ్చింది. హైమవతి పని ఆపేసింది.

"గెడ్డకి చరిత్ర లేదని ఒక ధ్రువపత్రం కావాలి నాయుడుగారూ," అంది. "మండలి వాళ్లు వచ్చి చూసి లేదంటే, మర్నాడే కాంక్రీటు వేస్తాను."

"నేదు. మాకు నేదని మాకు తెలుసు కదా."

"మీకు లేకపోవడం వేరు. వాళ్లు లేదనడం వేరు."

సర్పంచి పోలినాయుడు ఊరిని పోగేశాడు. మండలి ఆయన వచ్చినప్పుడు ఎవరూ ఏ చరిత్రా నోరు జారకూడదని తీర్మానం జరిగింది. జీడివలస అంత ఒక్కమాట మీద నిలబడ్డది మునుపెన్నడూ లేదు. బట్టలుతుక్కునే బండ మీద ఏవో పాత అక్షరాలున్నాయి. ఎనిమిదిమంది పట్టి దాన్ని బోర్లించారు. గెడ్డ మీద పాట కట్టి పాడే ముసలమ్మని కూతురింటికి పంపారు. తన ముత్తాత కాలంలో ఒక దొరా గుర్రమూ ఈ గెడ్డలో కొట్టుకుపోయారని ప్రతి పెళ్లిలోనూ చెప్పే ఎర్నాయుడికి పంటినొప్పి అని చెప్పి దవడకి గుడ్డ కట్టారు. వరహాలు అక్క నూకాలు మాత్రం ఊరందరికీ చెప్పి, మరిదికి విడిగా చెప్పింది. "నువ్వు అసలు మాటాడకు. నీ నోరు మంచిది కాదు."

మండలి ఉపసంచాలకులు త్రిలోచనరావు గారు ఎండ తగ్గాక వచ్చారు. వెనక ఇద్దరు సహాయకులు, ఒక కెమెరా. ఆయన గెడ్డని చూసి నమస్కారం పెట్టి, అది తల్లి అన్నారు. ఆ తల్లి అప్పుడు చీలమండ లోతుంది.

రాజులెవరైనా ఇక్కడ విడిది చేశారా అని అడిగారు. లేదన్నారు. యుద్ధం? లేదు. మునులు తపస్సు చేశారా? ఇటేపు దోమలెక్కువండీ, రారన్నారు. గుప్తనిధులు? ఉంటే మేమిలా ఉంటామా అన్నాడు పోలినాయుడు. దవడకి గుడ్డ కట్టుకున్న ఎర్నాయుడు కన్నీళ్లు పెట్టుకున్నాడు. దొర గుర్రం ఆయన గొంతు దాకా వచ్చి వెనక్కి పోయింది. త్రిలోచనరావు గారు జాలిపడి, పన్ను పీకించుకోమని సలహా ఇచ్చారు.

చీకటి పడేలోగా ఆయన ఓడిపోయారు. గట్టు మీద కుర్చీలో కూలబడి, సహాయకుడికి నిట్టూరుస్తూ చెప్పి రాయించసాగారు. జనం చుట్టూ మూగారు. హైమవతి ఊచల దగ్గర నిలబడి ఉంది. జగ్గునాయుడు ఆ ఊచల మీదే కూర్చుని ఉన్నాడు.

"రాయవయ్యా. ఈ జలప్రవాహ పరిసరాలలో మానవ స్మృతికి అర్హమైన సంఘటన ఏదియూ సంభవించినట్లు ఆధారములు లేవు. చెప్పుకోదగినవారెవ్వరూ ఈ తీరమున జీవించలేదు. మరణించనూ లేదు."

సంతకం పెట్టడానికి కలం తీశారు. ఆ సంతకం పడితే వంతెన వచ్చినట్టే. జగ్గునాయుడికి అది తెలుసు. తెలిసీ లేచి నిలబడ్డాడు.

"అదేటండీ," అన్నాడు. "మా ఆడది ఇక్కడే కదా సచ్చిపోనాది."

పోలినాయుడు అతని కాలు తొక్కాడు. ఆలస్యమైంది. త్రిలోచనరావు గారు కలం మూసి, తలెత్తి, "ఎవరు?" అన్నారు.

ఇన్నేళ్లలో ఆ మాట ఏ అధికారీ అడగలేదు. అర్జీ చూసేవారు, చూడకుండా పక్కన పడేసేవారు, మనిషి మొహం చూసినవాడు లేడు. ఈయన చూశారు. కుర్చీ తెప్పించి కూర్చోబెట్టారు. 'జగ్గునాయుడు గారూ' అన్నారు. గారూ అన్న మాటకి మనిషి పడిపోయాడు. వరహాలు చెరుకు నరకడానికి వెళ్లడం దగ్గర్నించి మొదలుపెట్టి, పాము, పెనం, మొగుడూ పెళ్లాం ఎక్కకూడదన్న కట్టుబాటు, తెగిన మోకు, బెల్లం జిడ్డు, చీర, అన్నీ చెప్పాడు. కెమెరా తిరుగుతూనే ఉంది. త్రిలోచనరావు గారు జేబురుమాలుతో కళ్లద్దుకున్నారు. దొంగ ఏడుపు కాదు. నిజంగానే ఏడ్చారు. అదే కొంప ముంచింది.

నెల తిరక్కుండా ఉత్తర్వు వచ్చింది. పోలినాయుడు రచ్చబండ దగ్గర చదివితే ఎవరికీ అర్థం కాలేదు. హైమవతి విడమరిచి చెప్పింది.

నక్కలగెడ్డ అరుదైన సజీవ వారసత్వ స్థలమట. మిగతా ఊళ్లలో నీళ్ల మీద కట్టినవాటికి చరిత్ర ఉంది. ఇక్కడ కట్టకపోవడానికి చరిత్ర ఉంది. పెనం మీద దాటడం, దాటలేకపోవడం, ఒక స్త్రీ బలికావడం, ఇవన్నీ వంతెన లేనందువల్లే జరిగాయి. కాబట్టి ఇక్కడ కాపాడవలసిన కట్టడం వంతెన లేకపోవడమే. దానికి ఏ విధమైన భంగమూ కలగరాదు.

జగ్గునాయుడు హైమవతి దగ్గరికి వచ్చాడు. "వంతెన నేక సచ్చిపోనాది అంటే, వంతెన ఉండకూడదని అర్థమా?"

"ఉంటే ఆవిడ చరిత్ర చెడిపోతుందట."

"ఉంటే ఆవిడే ఉండును."

హైమవతి మర్నాడే కూలీల్ని పిలిపించింది. గోతులు పూడ్పించింది. ఊచలు వెనక్కి పోవలసినవి, ఈలోగా మండలి వాళ్లే అడిగి తీసుకున్నారు. వంతెన లేకపోవడాన్ని చూడటానికి జనం వస్తారు గదా, వాళ్లు నిలబడటానికి దర్శన వేదిక కావాలి. అవే ఊచలు, అదే సిమెంటు, అదే ఇంజనీరు. గట్టు మీంచి మొదలై, స్తంభాల మీద ముందుకి పోయి, నీళ్లు తగలబోయే చోట ఆగిపోయింది. రెండో ఒడ్డు నుంచి కూడా ఒకటి కట్టారు, అటువైపు వచ్చేవాళ్లు చిన్నబుచ్చుకుంటారని. నడుమ తాటిమాను పొడుగుకి కాస్త తక్కువ ఖాళీ మిగిలింది.

"ఆ కాస్తా కలిపెయ్యి తల్లీ," అన్నాడు జగ్గునాయుడు. "ఎవులు సూడొచ్చారు?"

"ఆ కాస్తే వారసత్వం నాయుడుగారూ," అంది హైమవతి. తల ఎత్తలేదు.

ఊళ్లో ఎవరో రాత్రికి రాత్రి ఆ ఖాళీకి అడ్డంగా రెండు తాటిదుంగలు వేశారు. మర్నాడు పోలీసులొచ్చి వాటిని దింపి, ఖాళీని ధ్వంసం చేసినందుకు గుర్తు తెలియని వ్యక్తుల మీద కేసు కట్టారు. ఖాళీకి ఇద్దరు కాపలాదార్లని వేశారు.

పెనం సంగతి తర్వాత వచ్చింది. అది చారిత్రక నౌక గనక వాడరాదన్నారు. అద్దాల గది కట్టి అందులో పెట్టారు. ఊరివాళ్లు చందాలేసుకుని ఇంకో పెనం కొన్నారు. కొత్త పెనం మీద దాటడం అసలుకి నకలు చెయ్యడమని దాన్నీ పట్టుకుపోయారు. అక్కడికి వానాకాలంలో జీడివలస వాళ్లకి గెడ్డ దాటడానికున్న ఒక్క దారీ మూసుకుపోయింది. ఆ ఏడు చెరుకు ఊళ్లోనే ఎండింది. బెల్లం వండటానికి పెనం లేదు. దాన్ని చూడ్డానికి మాత్రం పక్క జిల్లాల నుంచి బస్సులొచ్చేవి.

వారసత్వ స్థలం ఆరంభోత్సవానికి శామియానా వేసి, జగ్గునాయుడికి దుశ్శాలువా కప్పి వేదిక మీద కూర్చోబెట్టారు. డ్రామా కంపెనీ ఆవిడ ముఖానికి పౌడరు దట్టించుకుని వరహాలు వేషం కట్టింది. పాములవాడు కోరలు పీకిన తాచుని తెచ్చాడు. రక్తపింజరికి పడగ ఉండదు, జనానికి కనబడదు అన్నారు. కరిపించుకున్నాక ఆవిడ చాలాసేపు చావలేదు. "ప్రాణనాథా, ఈ గెడ్డమ్మ ఒడిలో నన్ను నిద్రించనీ, మన ఊరి కీర్తి చిరకాలం వర్ధిల్లనీ," అంటూ చేతులు జోడించింది. చప్పట్లు మోగాయి. వరహాలు బతికుండగా మొగుణ్ణి 'ఏటయ్యో' అని తప్ప పిలిచి ఎరగదు. కీర్తి అనే మాట ఆమె నోట ఎన్నడూ రాలేదు. బెల్లం జిడ్డు సంగతి నాటకంలో లేదు. అదేమని అడిగితే, అది మరీ మామూలుగా ఉందని తీసేశామన్నారు.

జగ్గునాయుడు శాలువా కుర్చీ మీదే వదిలేసి ఇంటికొచ్చాడు.

హైమవతికి బదిలీ అయింది. వెళ్లే ముందు ఆ పిల్ల జగ్గునాయుడి ఇంటికి వచ్చి, మంచినీళ్లు తాగి, ఒక మాట చెప్పింది. ఈ చరిత్రంతా ఒక్క మనిషి మాట మీద నిలబడి ఉంది. ఆ మనిషి వచ్చి అది నిజం కాదు అంటే మండలికి ఇంక చెయ్యడానికేమీ ఉండదు. గెడ్డకి చరిత్ర పోతుంది, వంతెన వస్తుంది.

"ఏటి సెప్పాల?"

"వరహాలమ్మ గారు గెడ్డ దగ్గర చనిపోలేదని. ఇంట్లో జ్వరంతో పోయిందని."

నూకాలు పొయ్యి దగ్గర్నించి లేచి వచ్చింది. "నా సెల్లిని రెండోసారి సంపుతావేటి?"

"ఒకసారి సచ్చినోళ్లకి రెండోసారి నొప్పెట్టదు," అన్నాడు జగ్గునాయుడు.

"నీకో?"

జగ్గునాయుడు వెంటనే బయల్దేరలేదు. ఎండాకాలం రానిచ్చి, గెడ్డ ఇంకాక దాటి, పట్నంలో మండలి ఆఫీసుకి వెళ్లాడు. దారి పొడుగునా లోపల్లోపలే మాట కూడగట్టుకున్నాడు. జ్వరం. మంచం. ఇల్లు. వినేవాళ్లకి సందేహం రాకూడదు. ముఖం తడబడకూడదు.

త్రిలోచనరావు గారు ఎదురొచ్చి చెయ్యి పట్టుకుని లోపలికి తీసుకెళ్లారు. టీ తెప్పించారు. జగ్గునాయుడు టీ ముట్టుకోలేదు.

"నాను అబద్దం ఆడినానండి. మా ఆడది గెడ్డ కాడ సావనేదు. పెనం ఎక్కనేదు. పాము కరవనేదు. జొరమొచ్చి ఇంట్లో మంచం మీద పోనాది. గెడ్డకీ ఆవిడికీ ఏ సమ్మందమూ నేదు."

చెప్పడం అయిపోయింది. చేతులు మోకాళ్ల మధ్య పెట్టుకున్నాడు. తిడతారనుకున్నాడు. పోలీసుల్ని పిలుస్తారనుకున్నాడు. దేనికైనా సిద్ధపడే వచ్చాడు.

త్రిలోచనరావు గారి ముఖం వికసించింది. కుర్చీలోంచి లేచి, సహాయకుల్ని కేకేసి పిలిచి, మళ్లీ ఒకసారి చెప్పమన్నారు. జగ్గునాయుడు మళ్లీ చెప్పాడు. మొదటిసారి కంటే గట్టిగా చెప్పాడు.

"విన్నారటయ్యా," అన్నారాయన సహాయకులతో. "జరిగినదైతే ఉత్త చరిత్ర. జరగకపోయినా జనం నమ్ముతున్నారంటే, నాటకాలు కట్టి ఆడుతున్నారంటే, దాన్ని ఏమంటాం? పురాణగాథ. నాయుడుగారూ, మీరు మీ గెడ్డని ఒక మెట్టు పైకెక్కించారు. చరిత్రకి మనం ఒక్క రేవు వరకే రక్షణ ఇవ్వగలం. పురాణానికి హద్దు లేదు. పుట్టిన చోటి నుంచి ఏట్లో కలిసే దాకా ఎక్కడా ఏమీ కట్టకుండా చూసే పూచీ నాది."

"అయితే, నిజంగానే సచ్చిపోనాదని మళ్లీ సెప్తే?"

"అది గాథకి ఇంకో రూపాంతరం అవుతుంది. రెండు పాఠాలున్న గాథకి మరీ విలువ." ఆయన టీ కప్పు జగ్గునాయుడి దగ్గరికి జరిపారు. "తాగండి. చల్లారిపోతోంది. తాగి, ఆ మంచం సంగతి కాస్త వివరంగా చెప్పండి. నులక మంచమా, నవారా?"

జగ్గునాయుడు లేచి బయటికొచ్చాడు. సాయంత్రానికి ఇల్లు చేరాడు. అరుగు మీద నూకాలు కూర్చుని ఉంది. పోలినాయుడూ, దవడకి గుడ్డ విప్పేసిన ఎర్నాయుడూ, ఇంకో నలుగురూ ఉన్నారు. వెనకాలే కెమెరా సంచీతో మండలి సహాయకుడు కూడా చేరాడు. సారు మంచం ఫోటో తీసుకురమ్మన్నారట.

ఏమన్నారు అని అందరూ ఒక్కసారే అడిగారు. జగ్గునాయుడు గుమ్మంలో నిలబడి అందరి ముఖాలూ చూశాడు. నూకాలు ముఖం కాస్త ఎక్కువసేపు చూశాడు. 

"సచ్చిపోనాది అన్నాను, తీసేసుకున్నారు. సావనేదన్నాను, అదీ తీసేసుకున్నారు. ఇంక నా కాడ ఏటీ నేదు. గెడ్డ ఊసు గాని, ఆవిడి ఊసు గాని నన్నెవులూ అడగొద్దు. నాను సచ్చేదాకా సెప్పను."

లోపలికి పోయి తలుపు వేసుకున్నాడు.